అత్తయ్యగారి చేపలకి మేత వేసిందెవరు

దెయ్యాల కబుర్లు చెప్పేవాళ్ళంటే నాకు ముందునుంచీ లోకువ. మాది కలిదిండి దగ్గర చేపల చెరువుల ఊరు. చుట్టూ నీళ్ళూ గట్లే కదా, ఇంటికో దెయ్యం కథ ఉంటుంది. కొల్లేరులో కొరివి దెయ్యం తిరుగుతోందని మా తోటికోడలు మూడు రోజులు జ్వరం తెచ్చుకుంది. తీరా చూస్తే అది పిట్టల్ని పట్టేవాడి టార్చిలైటు. పాపం దెయ్యాలు కూడా లైట్లు కొనుక్కుంటున్నాయేమోలే అన్నాను. వారం రోజులు నాతో మాట్లాడలేదు.

నేను ఐదో తరగతితో బడి మానేసినదాన్ని. చదువు లేదు గానీ జ్ఞాపకం ఉంది. ఏ పండక్కి ఏం వండానో, ఎవరొచ్చి ఏం వంక పెట్టారో కూడా చెప్పగలను. అందుకే జరిగింది జరిగినట్టు చెబుతున్నాను. నమ్మమని ఎవరినీ బతిమాలను. ఇంకొకరు చెబితే నేనే నవ్వేదాన్ని.

మా అత్తయ్యగారు మాఘమాసంలో పోయారు. చెరువు సంగతి ఆవిడకి తెలిసినంత మా ఆయనకి ఇప్పటికీ తెలియదు. మా దగ్గర చేపకి మేత వేయడమంటే నీళ్ళల్లో చల్లడం కాదు. తవుడూ నూనెచెక్కా కలిపి, చిల్లులు పెట్టిన సంచుల్లో నింపి, పడవ మీద వెళ్ళి చెరువులో పాతిన గడలకి కట్టి వస్తారు. చేపలు వచ్చి ఆ చిల్లుల్లోంచి తింటాయి. మబ్బు పట్టిన రోజు మాత్రం సంచి కట్టకూడదు. ఎండ లేకపోతే నీళ్ళల్లో ఊపిరి తగ్గిపోతుంది. కడుపు నిండిన చేపకి ఊపిరి ఎక్కువ కావాలి. అది చాలక చేపలు పైకొచ్చి నోళ్ళు తెరుస్తాయి. ఆ తర్వాత తెల్లగా తేలిపోతాయి.

"మబ్బు చూశాక మేత ఆపడం గొప్పేం కాదే. గొడ్డు కూడా చూస్తుంది మబ్బుని. రాకముందే ఆపాలి," అనేవారు ఆవిడ. గట్టు మీద నిలబడి గాలి చూసి, నీళ్ళు వాసన చూసి, నిప్పులు చెరిగే ఎండలో కూడా ఒక్కోసారి పడవ వెనక్కి తిప్పించేసేవారు. సాయంత్రానికి మబ్బు వచ్చేది. మాకు అలవాటైపోయింది గనక అందులో వింతేమీ కనపడలేదు.

పోయే ముందు ఏడాది ఆవిడ గట్టు మీద జారిపడి తుంటి విరగ్గొట్టుకున్నారు. మంచం దిగలేని మనిషికి పొద్దుపోవాలని మా అమ్మాయి దివ్య తన ట్యాబ్‌లో చేపల ఆట ఒకటి పెట్టిచ్చింది. తెర మీద గాజుపెట్టె, అందులో రంగురంగుల చేపలు. వేలితో తడితే మేత పడుతుంది. రోజూ వేయాలి. వేసిన రోజున ఆటలోని క్యాలెండర్ గడిలో చిన్న గవ్వ బొమ్మ పడుతుంది.

"ఇవి చేపలా? వీటికి పులుసు పెడితే ఉప్పూ కారం దండగ," అని ముందు ఈసడించారు. వారం తిరక్కుండా ట్యాబ్ చేతిలోంచి వదల్లేదు. అందులోనూ చెరువు పద్ధతే. మా పడవ తిరిగొచ్చిందని తెలిశాకే తెర మీద చేపలకి వేసేవారు. మబ్బు రోజు చెరువుకీ లేదు, ట్యాబ్‌కీ లేదు. ఆకలేస్తే ఆ బొమ్మ చేపలు పైకొచ్చి నోళ్ళు తెరిచేవి. "ఇవ్వాళ లేదు, పొండి," అని వాటిని కసిరేవారు. నాకు ఒళ్ళు మండిపోయేది. మంచం మీద మనిషికి గంజి పట్టిస్తుంటే, ఆవిడ బొమ్మలకి పస్తులు పెట్టే పనిలో ఉండేవారు.

ఒక్క సంగతి గుర్తు పెట్టుకోండి. ఒకసారి ఆవిడ్ని తాడేపల్లిగూడెం ఆస్పత్రిలో నాలుగు రోజులు ఉంచాం. ట్యాబ్ ఇంట్లో మర్చిపోయాం. వచ్చి చూస్తే ఆటలోని చేపలన్నీ వెల్లకిలా తేలి ఉన్నాయి. మూడు రోజులు వరసగా మేత లేకపోతే చచ్చిపోతాయట. ఆ రోజంతా నాకు తిట్లే. మర్నాడు మళ్ళీ ఎనిమిది కొత్త చేపల్ని అందులో వదిలించారు. ఆవిడ పోయేదాకా అవే ఉన్నాయి.

ఆవిడ పోయాక ట్యాబ్ నా వంటింటి గట్టు మీదకి చేరింది. నేను సీరియళ్ళు చూసేదాన్ని, మా ఆయన వార్తలు వినేవారు. ఆటల జోలికి ఎవరూ పోలేదు.

కార్తీకంలో, చేప పట్టుబడికి పది రోజులు ఉందనగా, మేత కంపెనీ మనిషి ఒకాయన వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, కాళ్ళకి బురద అంటకుండా గట్టు మీద వేళ్ళ మీద నడక. ఏ రోజు మేత వేయాలో, ఏ రోజు ఆపాలో చెప్పే యాప్ వచ్చిందనీ, ట్యాబ్‌లో వేసుకుంటే ఇక మన బుర్రతో పని లేదనీ చెప్పాడు. తన బుర్రతో కూడా అంత పని ఉన్నట్టు నాకు కనపడలేదు. మా ఆయన మాత్రం తల ఊపేశారు. ఏడాది కష్టం ఆ చెరువులోనే ఉంది. తప్పు జరగకూడదని ఆయన ఆదుర్దా.

మర్నాడు ఆయన వలల వాళ్ళతో మాట్లాడడానికి పొద్దున్నే ఏలూరు వెళ్ళారు. దివ్య తాడేపల్లిగూడెం హాస్టల్ నుంచి సెలవులకి వచ్చి ఉంది. యాప్ వేయబోతే స్టోరేజ్ ఫుల్ అంది ట్యాబ్. ఆటలు తీసేస్తే చోటొస్తుందంది దివ్య. తీసెయ్యమన్నాను. పళ్ళు కోసే ఆట పోయింది. కార్ల పందెం పోయింది. బొమ్మకి చీరలు కట్టే ఆట పోయింది. చేపల ఆట దగ్గర దాని వేలు ఆగింది.

"అమ్మా, ఇది నానమ్మది. ఉంచుదామే."

"ఎందుకు? ఏడాదికోసారి దీనికి తద్దినం పెడతావా?"

"చివరిసారి చూసి తీసేస్తాను."

"చూడు. తొమ్మిది నెలల శవాలు. ముక్కు మూసుకుని చూడు."

అది తెరిచింది. ఎనిమిది చేపలూ బతికే ఉన్నాయి. పైగా అత్తయ్యగారు ఉన్నప్పటికంటే లావెక్కి ఉన్నాయి.

నాకు భయం వేయలేదు. నవ్వొచ్చింది. తల్లి మీద బెంగతో ఈ మనిషి చాటుగా మేపుతున్నాడన్నమాట అనుకుని మా ఆయనకి ఫోన్ చేశాను.

"ఏవండీ, చెరువు చాలక ట్యాబ్‌లో కూడా చేపల్ని పెంచుతున్నారా?"

"ఏ చేపలే? నాకు ఫోన్ ఎత్తడమే సరిగ్గా రాదు. ఇక్కడ వలల వాళ్ళు నా ప్రాణం తీస్తున్నారు. పెట్టెయ్."

ఆయన అబద్ధమాడితే గొంతు సన్నబడుతుంది. ఇరవై రెండేళ్ళ కాపురంలో నాకది తెలుసు. గొంతు మామూలుగానే ఉంది.

ఈలోగా దివ్య ఆటలోని క్యాలెండర్ తీసింది. రోజుకో గవ్వ. అక్కడక్కడా మాత్రం ఖాళీ గడులు. ముందు నెలలో నాలుగు ఉన్నాయి. ఆ నాలుగు తేదీలూ చదివేసరికి నేను చేతిలో గరిట పక్కన పెట్టాను. మేత ఆపిన రోజున మా ఆయన గోడ మీద క్యాలెండర్‌లో ఇంటూ గుర్తు పెడతారు. ఆ క్యాలెండర్ పొయ్యికి ఎదురుగానే ఉంటుంది. రోజూ చూస్తాను. అవే నాలుగు రోజులు.

అయినా మనిషి బుద్ధి ఊరుకోదు కదా. ఆయనే వేశారు, అబద్ధం చెప్పడం కొత్తగా నేర్చుకున్నారు అనుకున్నాను. వెనక నెలలు తియ్యమన్నాను. శ్రావణం వచ్చింది. శ్రావణంలో నేను ట్యాబ్‌ని గట్టు మీంచి పడేశాను. అద్దం పగిలి, తెర నల్లబడి, పదకొండు రోజులు ఏలూరులో రిపేరు షాపులో ఉంది. తీసుకోవడానికి నేనే వెళ్ళాను. అప్పటికింకా పాత అద్దం ముక్కలు కాగితంలో పొట్లం కట్టి ఉన్నాయి. ఆ పదకొండు రోజుల్లో తొమ్మిదింటికి గవ్వలు ఉన్నాయి. వరలక్ష్మీ వ్రతం నాడూ, ఆ ముందు రోజూ ఖాళీ. ఆ రెండు రోజులూ ఆకాశం కన్ను తెరవలేదు. పూజకి తామరపూలు విచ్చుకోలేదని నేనే విసుక్కున్నాను. చెరువుకి మేత వేయలేదు.

ఆటకి ఇంటర్నెట్‌లో వాతావరణం తెలుస్తుందేమోనంది దివ్య. ఎవడో ఏ దేశంలోనో చేసిన బొమ్మలాటకి మా కలిదిండి మబ్బు ఎలా తెలుస్తుంది? తెలిసినా, పగిలిన తెరని తట్టిందెవరు?

అప్పుడు దివ్య ఆ రోజు గడి చూపించింది. ఖాళీ. పది గంటలైంది. బొమ్మ చేపలు ఎనిమిదీ పైకొచ్చి నోళ్ళు తెరుచుకుని ఉన్నాయి.

"అమ్మా, ఇవ్వాళ చెరువుకి మేత వద్దేమోనే," అంది మెల్లగా.

పెరట్లోకి చూశాను. ఎండ పెళపెళలాడుతోంది. ఆరబోసిన వడియాలు అప్పుడే గలగలమంటున్నాయి. ఆ క్షణంలో నాకు వచ్చిన కోపం ఇంతా అంతా కాదు. ఇంటర్ చదివే పిల్ల, బొమ్మ చేపలు నోరు తెరిచాయని అసలు చేపల్ని పస్తు పెట్టమంటోంది. చదువులు ఇందుకా? మా తోటికోడలికీ దీనికీ తేడా ఏముంది? ట్యాబ్ లాక్కుని, దివ్య మిగతావి తీసినట్టే నా వేలితో గట్టిగా నొక్కి ఆ ఆట నేనే తీసేశాను. నిజంగా తీసెయ్యాలా అని ట్యాబ్ అడిగింది. అవునన్నాను.

చోటొచ్చింది. యాప్ దిగింది. నవ్వుతున్న సూర్యుడి బొమ్మ, దాని కింద 'మేత వేయవచ్చు' అని ఆకుపచ్చ అక్షరాలు. చూశావా అని దివ్య ముఖం ముందు ఊపాను.

సరిగ్గా అప్పుడే మా పడవ మనిషి ఏసుపాదం వీధి గుమ్మంలోకి వచ్చాడు. పాతికేళ్ళుగా మా దగ్గరే ఉన్నాడు.

"అమ్మగారండీ, సంచులు నింపేశామండీ. కట్టెయ్యమంటారా?"

"ఎండ చూడలేదా? అడుగుతావేంటి?"

"ఎండ బాగానే ఉందండీ. గాలే లేదండీ. ఆకు కదలట్లేదు. పెద్దమ్మగారుంటే..."

"పెద్దమ్మగారు లేరు. నేనున్నాను. కట్టెయ్."

ఆ మాట నా నోటితో నేనే అన్నాను. మా ఆయన కాదు, కంపెనీవాడు కాదు.

మూడు గంటలకి కొల్లేరు వైపు నుంచి మబ్బు లేచింది. నాలుగింటికి వడియాలు లోపలికి తెచ్చాను. వాన పడలేదు. గాలీ రాలేదు. బోర్లించిన మూకుడులా మబ్బు అలా మూసుకుని ఉండిపోయింది. పడవ వేసుకుని సంచులు విప్పుకొచ్చేసరికి సగం పైన తినేశాయి.

తెల్లవారేసరికి ఏసుపాదం కేక వినపడింది. గట్టు మీదకి పరుగెత్తాం. చెరువు ఆ కొస నుంచి ఈ కొస దాకా నోళ్ళే. నీళ్ళు కనపడలేదు. వేల నోళ్ళు ఒక్కసారిగా తెరుచుకుంటూ మూసుకుంటూ, చిన్నగా చప్పుడు చేస్తున్నాయి. ఇంజన్లు పెట్టి నీళ్ళు చిమ్మించాం. రాత్రి ఏలూరు నుంచి తిరిగొచ్చిన మా ఆయన లుంగీ ఎగ్గట్టి నడుం లోతు నీళ్ళల్లో దిగి చేతులతో నీళ్ళు కొట్టారు. ముందు బొచ్చె చేపలు పోయాయి. ఎండ వచ్చేసరికి శీలావతులు కూడా తేలాయి. సగం పైన పోయింది. పట్టుబడికి ఇంకా ఎనిమిది రోజులు ఉంది.

ఇంటికొచ్చి ఆ యాప్ తెరిచాను. అప్‌డేట్ చేయాలట, స్టోరేజ్ చాలట్లేదట.

మా ఆయన ఆ రోజంతా తేలిన చేపల్ని గంపలకి ఎత్తించారు. నన్ను తిట్టి ఉంటే బావుండేది. మా మరిది మాత్రం వచ్చి శాంతి చేయించాలన్నాడు. చేపకి ఊపిరాడకపోతే పంతులుగారు ఊదుతారా అని పంపేశాను. దివ్య ఆ ఆట మళ్ళీ వేసి చూసింది. ఖాళీ గాజుపెట్టె, ఖాళీ క్యాలెండర్. కొత్తగా మొదలు పెట్టమంది. ఒక నెల అలాగే ఉంచాం. ఎవరూ చేపని వదల్లేదు, ఒక్క గవ్వా పడలేదు. ఏలూరు రిపేరు షాపతన్ని అడిగితే, తెర పోయిన ట్యాబ్‌లో ఆట ఎలా ఆడతారండీ అని నన్నే పిచ్చిదాన్ని చూసినట్టు చూశాడు. అతని తప్పు లేదు. నేనూ జనాన్ని అలాగే చూసేదాన్ని.

దెయ్యాలున్నాయని ఇప్పటికీ అనను. మా తోటికోడలు నా ముందు ఆ కబుర్లు ఎత్తితే ఇప్పటికీ లేచి వెళ్ళిపోతాను. కానీ ఆ గవ్వలు ఎవరు పెట్టారో మాత్రం నాకు తెలియదు. ఎంత ఆలోచించినా లెక్క కుదరలేదు.

ఇప్పుడు పొద్దున్నే ఏసుపాదంతో నేనూ గట్టు మీదకి వెళుతున్నాను. మబ్బు రోజు మేత ఆపమని నాకొకరు చెప్పక్కర్లేదు. అది గొడ్డుకీ తెలుసు. ఎండ బాగా కాసిన రోజునే ఏం చేయాలో తేలదు. సంచులు నిండుగా ఉంటాయి. పడవ ఆగి ఉంటుంది. కట్టెయ్యమంటారా అని అతను అడుగుతాడు. ఎవరైనా వద్దంటారేమోనని కాసేపు ఆగుతాను.