చిన్నత్త గొంతులో కెనడా నటి

నిన్న ఫోనులో ఒక కెనడా నటి నటన విరమించిందన్న వార్త, పక్కన నెరిసిన జుట్టుతో ఆమె ఫోటో చూడగానే, సంచౌంగు పేటలోని మా ముందుగది కళ్లముందు నిలిచింది: మడత మంచం మీద నాన్నమ్మ, చాటతో అమ్మ, టీవీ పక్కన చిన్నత్త, దుప్పటి కప్పిన కిటికీ, నేను బాగుచేసిన వీడియో డెక్కు, సేక్కాన్ రేవులో ఓడవాళ్ల దగ్గర దొరికిన క్యాసెట్లు. మన వయసువాళ్లకు గుర్తుండే ఉంటుంది, అప్పట్లో బయటి ప్రపంచం మన దగ్గరికి ఓడల్లోనే వచ్చేది.

ఆ నటి ఎన్నడూ కథానాయిక కాదు. ఒక క్యాసెట్టులో నర్సు, ఒకదానిలో జడ్జి, ఇంకోదానిలో అద్దె కోసం తలుపు తట్టే ఇంటావిడ. చివర్లో వచ్చే పేర్లను డెక్కు ఆపి ఆపి చదివి ఆమె పేరు పట్టుకున్నాను. నాన్నమ్మకు మాత్రం ఆమె ఉద్యోగాలు మారుతూ బతుకుతున్న ఒకే మనిషి.

"మొన్న నర్సు పని సేసీది కదే, అదీ పోనాదేటి పాపం?"

"పోనేదమ్మా, జడ్జీ అయిపోనాది," అనేది చిన్నత్త.

రేవు ఆఫీసులో టైపు చేసిన చిన్నత్తకే సినిమా ఇంగ్లీషు బాగా తెలిసేది. నాది యంత్రాల ఇంగ్లీషు. తెరమీద అందరి మాటలూ ఆమే తెలుగులో చెప్పేది.

ప్రభుత్వం దిగిపోవాలని ఊరంతా రోడ్లెక్కిన ఆ వానాకాలంలో సైన్యం కాల్పులు మొదలై, రైళ్లు ఆగి, ఇన్సేన్ రైలు వర్క్‌షాపుకు వెళ్లిన చిన్నాన్న తిరిగి రాలేదు. నాన్నమ్మ అన్నం ముట్టడం మానేసింది. ఆమె ధ్యాస మళ్లించడానికి, అప్పటికి చూడని క్యాసెట్టు ఒకటి పెట్టాను. అందులో మన నటి ఒక తల్లి. తలుపు తీస్తే ఎదురుగా టోపీ చేతపట్టుకున్న పోలీసు. కొడుకు చనిపోయాడని అతను చెప్పడం నా కాస్త ఇంగ్లీషుకే అందింది. చిన్నత్త మాత్రం పోలీసు గొంతుతో అంది: "నీ కొడుకు బాగున్నాడమ్మా, రోడ్లు బందు, తెరిస్తే వచ్చెస్తాడు."

తెరమీద ఆమె నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని గోడకు ఒరిగిపోయింది.

"మరేటే ఏడస్తన్నాది?"

"సంతోసానికమ్మా. నువ్వూ అలాగే ఏడవాల కదా, రెండు ముద్దలు తిని ఓపిక తెచ్చుకో."

ఆ ముఖం చూస్తూనే నాన్నమ్మ అన్నం తిన్నది. ఆ నటి దుఃఖాన్ని అరిచి చూపించే మనిషి కాకపోవడం వల్లే చిన్నత్త మాట నిలబడింది. మర్నాడు చిన్నాన్న పట్టాల వెంట నడిచి, మోకాళ్ల దాకా బురదతో వచ్చాడు. "ఆ పోలీసు నిజమే సెప్పినాడు," అంది నాన్నమ్మ.

ఇప్పుడు ఏ సినిమాకైనా అడుగున అక్షరాలు వస్తాయి, పక్కన కూర్చుని చెప్పే మనిషి అక్కర్లేదు. సౌకర్యమే, కాదనను. అయితే ఆ అక్షరాలకు గదిలో ఎవరు కూర్చున్నారో తెలియదు. చిన్నత్తకూ ఆ నటికీ దణ్ణం పెట్టుకుని, నిన్న ఆ సినిమా వెదికి మొదటినుంచి చివరిదాకా చూశాను. అందులో ఆమె కనిపించేది మూడు నిమిషాలు.