తలుపు తీసిన మనిషి

బాబా పోయాడు. కువైట్‌లో మా బిల్డింగ్‌లో కింది ఇంట్లో ఉండే డ్రైవరు, నేను తమ్ముడూ అని పిలిచే గోదావరి పిల్లోడు, అక్కడి నుంచి ప్రాణాలతో బయటపడి, రాజంపేటలో మా ఇంటి దాకా వచ్చి మరీ చెప్పాడు. "అక్కా, కుర్చీలోనే పోయారండి. తలుపు తీసే ఉందండి" అన్నాడు.

బాబా అంటే అక్కడ బ్నీద్ అల్ గార్ పేటలో నేను పనిచేసిన ఇంటి పెద్దాయన. తెల్లాయన, ఎనభై దాటినవాడు. ఆయన కూతురు, అక్కడి వాడుకలో నేను మామా అని పిలిచే మా యజమానురాలు, సెలవుకు లండన్ పోయిన వారమే కువైట్ మీద ఇరాక్ సైన్యం వచ్చిపడింది.

ఆయన పాతకాలపు ఇంగ్లీషు సినిమాల్లో నటుడు. మీరు ఆయన పేరు విని ఉండరు, వాళ్ళ దేశంలోనే ఎవరూ వినలేదు. ఇరవై ఏళ్ళూ ఒకటే వేషం, దొరల బంగ్లాలో నౌకరు. తలుపు తీయాలి, వంగాలి, హీరోను లోపలికి పంపాలి. "నీ మొగమన్నా కనపడేదా బాబా?" అని ఎగతాళి చేసేదాన్ని. "చెయ్యి కనపడేది. నేను తీయకపోతే హీరో బయటే ఉండిపోతాడు" అనేవాడు.

ఒకసారి డైరెక్టరు కట్ చెప్పడం మరిచి భోజనానికి పోతే, ఈయన తలుపు పట్టుకుని అట్లాగే నిలబడ్డాడట. చాలనే దాకా వదలకూడదట. నేను సరుకులు తెచ్చినప్పుడల్లా తలుపు తీసి, వంగి, నేను "ఖలాస్ బాబా", ఇక చాలు, అనేదాకా కదిలేవాడు కాదు. సంచి బరువుకు నా వేళ్ళు తెగిపోతుంటే ఈయన నాటకం! కసురుకునేదాన్ని. పాపిష్టి నోరు నాది.

సైనికులు తెల్లవాళ్ళ కోసం ఇళ్ళు వెతికి పట్టుకుపోతున్నారు. కర్టెన్లు దించి, ఎండు రొట్టె నీళ్ళలో ముంచుకుని తిన్నాం. మెట్ల మీద బూట్ల చప్పుడైతే ఆయన్ను మంచం చాటుకు లాక్కుపోయేదాన్ని.

ఒక పొద్దున ఆ తమ్ముడు వచ్చాడు. "అక్కా, మనోళ్ళకి బస్సు పెట్టారండి. ఇదొదిలితే మళ్ళీ ఎప్పుడో తెలీదండి. బాబాని తీసుకెళ్తే దారిలోనే పట్టేసుకుంటారండి. నేనుంటాను, రొట్టె ఇస్తాను, మీరెళ్ళండి."

"నేను యాడికీ పోను" అని నేల మీద కూలబడ్డాను. ఊళ్ళో నాకు ఇద్దరు బిడ్డలున్న సంగతి బాబాకు తెలుసు. కోటు తొడుక్కున్నాడు. పోయి తలుపు తీసి, వంగాడు.

"యల్లా, నడువు. తలుపు తీశాక మనిషి కదలకపోతే రీలు దండగ" అన్నాడు.

ఏడుస్తూ మెట్లు దిగేశాను.

నేను పోయాక ఆ తలుపు మూయనిచ్చేవాడు కాదట. "సైనికులొస్తారు బాబా అని నేను మూసొస్తే మళ్ళీ తీసేవారండి. ఆమె ఇంకా ఖలాస్ అనలేదు అనేవారండి" అని చెప్పి తమ్ముడు తల దించుకున్నాడు.

నిజమే, నేను అనలేదు. కింద హారన్ కొడుతుంటే మెట్ల మలుపులో ఒక్కసారి వెనక్కి చూశాను. కోటు చేయి, తలుపు మీద వేళ్ళు, వంగిన తెల్లటి తల. నోరు తెరిచాను. మాట రాలేదు.