సామ్రాజ్యాల టీచరు

చోడవరం హైస్కూల్లో సోషల్ చెప్పే ఫణిశ్రీ టీచరు, పుస్తకం చూడకుండా, బోర్డు మీంచి సుద్దముక్క ఎత్తకుండా, మంగోలు సామ్రాజ్యం హద్దంతా ఒక్క గీతలో గీసేస్తుంది. "లోకమంతా నాదే అన్న రాజు ఒక్కడూ దాని చివరి ఊరు సూడలేదర్రా" అంటుంది. భర్త ఉదయభాస్కర్ ఫోను మ్యాపులో మాత్రం ఆమె ఒక నీలం చుక్క. బడి నుంచి ఇంటికొచ్చే దారిలో, కూరల కొట్టు దగ్గర ఆ చుక్క రెండు నిమిషాలు ఆగినా, "అక్కడేటి పని?" అని ఫోనొస్తుంది. పదకొండేళ్లుగా ఇదే వరస.

మొన్న మధ్యాహ్నం ఆమె ఫోనును స్టాఫ్‌రూమ్ సొరుగులో పెట్టి తాళం వేసింది. చుక్కను బళ్లోనే వదిలేసి, బస్టాండుకు నడిచి, ముందు కనబడిన బస్సెక్కి కిటికీ పక్కన కూర్చుంది. ఆడవాళ్లకు టిక్కెట్టు ఉచితమే, ఊరి పేరు చెబితే చాలు. కండక్టరు వచ్చి, "ఎక్కడికమ్మా?" అన్నాడు. పాఠాల్లోని సమర్‌ఖండ్, బాగ్దాద్, కారకోరం అన్నీ నాలుక చివరికొచ్చాయి గాని, తను దిగగలిగే ఊరు ఒక్కటీ రాలేదు. వేళ్లకంటిన సుద్ద చీరకు తుడుచుకుంటూ, అలవాటుగా, "చోడవరం" అంది.

"సోడవరంలోనే ఉన్నారమ్మా మీరు," అన్నాడు కండక్టరు.