లిఫ్టులో అర్పిత, బయట లెక్క

వెంకటగిరియప్పగారిని ఏమడిగినా నేరుగా జవాబు చెప్పరు. లెక్క ఇస్తారు. సర్జాపుర రోడ్డులో మా అపార్టుమెంటుకు వచ్చిన కొత్తలో నేను ఆయన వయసు అడిగాను. "దాన్ని రెట్టింపు చేసి పదకొండు కలిపితే నూట యాభై ఐదప్పా" అన్నారు. నేను బిక్కమొహం వేస్తే జాలిపడి దారి చూపించారు. చివర కలిపిన పదకొండును ముందు తీసెయ్యాలట, తరువాత రెట్టింపును సగం చెయ్యాలట. డెబ్బై రెండు తేలేసరికి నా ఆఫీసు క్యాబు వెళ్ళిపోయింది.

ఒకసారి కొరియరతను ఫోన్లో ఫ్లాటు నంబరు అడిగితే, దాన్ని మూడుతో గుణించి ఐదు తీసేస్తే తొమ్మిది వందల ఒకటి అన్నారు. అతను పార్సెలుతో సహా వెనక్కి వెళ్ళిపోయాడు. మర్నాడు మూడు వందల రెండో నంబరు తలుపు తట్టి, రాత్రంతా నిద్రలేదు సార్ అన్నాడు. ఆయన సంతోషం పట్టలేక అతనికి కాఫీ ఇచ్చి, కాఫీతోపాటు ఇంకో లెక్క కూడా ఇచ్చారు.

మొన్న జూన్లో ఒక శనివారం సాయంత్రం కరెంటు పోయి వచ్చింది. లిఫ్టు మాత్రం మూడు, నాలుగు అంతస్తుల మధ్య ఆగిపోయింది. లోపల ఏడో తరగతి చదివే అర్పిత ఒక్కతే ఉంది. ఫోను లేదు. మెకానిక్ వైట్‌ఫీల్డ్ నుంచి రావాలి, అరగంట పడుతుందన్నాడు. వాళ్ళమ్మ పద్మావతి మూడో అంతస్తులో తలుపు బాదుతూ ఏడుస్తోంది. ఆ ఏడుపు విని లోపల పిల్ల ఇంకా గట్టిగా ఏడుస్తోంది.

వెంకటగిరియప్పగారు వచ్చి తలుపు ముందు నేలమీద చతికిలబడ్డారు.

"అర్పితా, నేనొక అంకె అనుకున్నా. మూడుతో గుణించి నాలుగు కలిపితే ముప్పై ఒకటి. ఏమమ్మా ఆ అంకె?"

పద్మావతి ఆయనకేసి చూసిన చూపుకు నేనైతే లేచి పారిపోయేవాణ్ణి. ఇది లెక్కలకు సమయమా అని నేనూ విసుక్కున్నాను. ఆయన వినిపించుకోలేదు. లోపల ఏడుపు సాగుతూనే ఉంది. కాసేపటికి ఎక్కిళ్ళు మిగిలాయి. ఆ తరువాత ఏ చప్పుడూ లేదు. అదే ఎక్కువ భయపెట్టింది.

"తొమ్మిది" అంది చిన్న గొంతు.

"పెట్టి చూసుకున్నావా?"

"తొమ్మిది మూళ్ళు ఇరవై ఏడు, నాలుగు కలిపితే సరిపోయింది తాతా."

ఇంకో లెక్క, ఆపైన మరోటి. నడుమ ఒకసారి ఉక్కగా ఉందని ఏడవబోతే, ఈసారి భాగహారం ఇచ్చారు. ఆయన గొంతు నిబ్బరంగానే ఉంది కానీ చూపు మాత్రం మాటిమాటికీ మెకానిక్ రావలసిన మెట్లవైపే పోతోంది. అది నేను చూశాను.

చివరికి మెకానిక్ వచ్చాడు. బ్రేకు వదలగానే లిఫ్టు ఒక్క కుదుపుతో కిందికి దిగుతుందని, పిల్ల బెదిరి తలుపులు లాగకుండా చూడమని మెల్లగా చెప్పి పైన మోటారు గదికి పరుగెత్తాడు. పద్మావతి నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"అర్పితా, కడపటి లెక్క. గోడకి ఆనుకొని కూర్చొనే చెయ్యల్ల. ఏడుతో గుణించి మూడు కలిపితే యాభై."

పైనుంచి ఇనుము గీరుకున్న శబ్దం. లిఫ్టు దబ్బున కదిలింది. లోపల అరుపు లేదు. మేమే అరిచాం.

తలుపు తెరుచుకుంది. చెమటతో తడిసిన అర్పిత వాళ్ళమ్మ చాచిన చేతుల్ని దాటుకుని నేరుగా ఆయన ముందుకు వచ్చింది. మొహం కోపంతో ఎర్రబడింది.

"తాతా, మీ లెక్క తప్పు. మూడు తీసేస్తే నలభై ఏడు. అది ఏడుతో పోదు. మూడుసార్లు చేశాను."

"తప్పేనమ్మా. ముసలోణ్ణి కదా" అని ఆయన ఒప్పేసుకున్నారు.

పద్మావతి కూతుర్ని వాటేసుకుని కిందికి తీసుకుపోయింది. ఎన్నడూ తప్పు లెక్క ఇవ్వని మనిషి ఇవాళెందుకిచ్చారని నేను అడిగాను.

"లిఫ్టు కుదిపేతప్పుడు ఆ పాపకి భయపడేకి తీరిక ఉండకూడదు కదప్పా" అన్నారు, గోడ పట్టుకుని లేస్తూ.

మెట్లమీదినుంచి అర్పిత గొంతు వినిపిస్తూనే ఉంది. పెద్దవాళ్ళు లెక్క ఇచ్చేముందు ఒకసారి చేసి చూసుకోవాలని వాళ్ళమ్మకు గట్టిగా చెబుతోంది.