పిన్ని పంటి గాడి

మా పిన్ని దర్జీ. ఆమె కుట్టిన గుండీ, చొక్కా చిరిగినా ఊడదు. మెడలో తాడుకు కత్తెర వేలాడుతూనే ఉంటుంది, దారం మాత్రం పంటితోనే తెంపుతుంది. ముందు పన్ను అంచున దారం పట్టేంత గాడి పడింది. తవ్వకాల్లో దొరికిన పళ్ళను పరీక్షించడం నా ఉద్యోగం కాబట్టి, ఆ గాడి చూసినప్పుడల్లా నాకు ఒళ్ళు మండుతుంది. చెబితే వినే రకమా? "నా పన్ను, నా ఇష్టం" అంటుంది.

మొన్న ఒక పంటి ఫొటో తెచ్చి ఆమె కుట్టుమిషను మీద పెట్టాను. పిన్ని కళ్ళజోడు సర్దుకుంది.

"నా పన్ను ఎప్పుడు ఫొటో తీశావే?"

"నీది కాదు పిన్నీ. ఇనుమంటే ఏమిటో తెలియని కాలం మనిషిది. నారో నరమో పళ్ళతో పట్టి లాగీ లాగీ ఇలా అరిగింది. వేల ఏళ్ళయినా, చేసిన పనిని పన్ను దాచుకోలేదు."

పిన్ని నాలుకతో తన గాడిని తడుముకుంది.

"ఆ మనిషికైతే కత్తెర లేదు. నీకేం రోగం?" అన్నాను.

"ఇచ్చి చూడాల్సింది. ఆవిడా మెడలోనే వేసుకునేది" అంటూ పిన్ని గుండీ దారాన్ని పుటుక్కున కొరికింది.