మా పెరట్లో మాస్టారి ఊరు

మా మాస్టారు పోయారన్న కబురు కిందటి నెలలో ఒక ఉదయం వచ్చింది. బడికి బయలుదేరుతూ చీర కుచ్చిళ్ళు సర్దుకుంటున్నాను. ఆయన కూతురు ఫోన్ చేసి, హిందీలో, "దీదీ, బాబా ఇక లేరు" అంది. ఆమె ఏడవలేదు. నేనూ ఏడవలేదు. నాకు ముందుగా కలిగింది దుఃఖం కాదు, భయం. ఆయనకు నేనొక మాట ఇచ్చి ఉన్నాను. దాన్ని నిలబెట్టుకోవలసిన రోజు వచ్చేసింది.

మాస్టారు గోల్‌మురిలో, మా నాన్నలు పనిచేసే రేకుల ఫ్యాక్టరీ పక్కనున్న మా బడిలో చరిత్ర చెప్పేవారు. ఆయన హో తెగవారు. బడి మొత్తానికి ఆయనొక్కరే ఆదివాసీ టీచరు. మా చుట్టూ ఉన్న నేలంతా ఒకప్పుడు ఆదివాసీలదేనని మాకు తెలియని రోజుల్లో, ఆ సంగతి మాకు వింతగా కూడా తోచలేదు. ఖర్కయ్ నదికి అవతల, ఆదిత్యపూర్ పక్కనున్న పల్లె నుంచి రోజూ సైకిల్ మీద వచ్చేవారు. వానాకాలంలో చెప్పులు హ్యాండిల్‌కి తగిలించుకుని, తడిసిన కాళ్ళతోనే క్లాసులోకి వచ్చేసేవారు.

మొదటి రోజు మా అందరినీ సొంత ఊరేదని అడిగారు. మాది శ్రీకాకుళం దగ్గర పల్లె అన్నాను. పలాస అన్నవాళ్ళున్నారు, ఛప్రా, ఆరా, గంజాం అన్నవాళ్ళున్నారు. చివర ఎవరో ఆయన ఊరేదని అడిగారు. "మీరంతా రైలెక్కి వచ్చారు. రైలెక్కి వెళ్ళడానికి నాకు వేరే ఊరు లేదు" అన్నారు. అందరం నవ్వాం. ఆయన కూడా నవ్వారు. తర్వాత పుస్తకం తెరిచి, "ఇందులో ఎవరెవరు వచ్చారో ఉంటుంది. ఎవరు అప్పటికే ఉన్నారో నన్ను అడగండి" అన్నారు. పరీక్షల్లో రాని సంగతి కాబట్టి మేమెవరం అడగలేదు.

ఆయన తెలుగు మాట్లాడేవారు. పుస్తకాల తెలుగు కాదు, మా క్వార్టర్స్ వరండాల్లో మా అమ్మల దగ్గర నేర్చుకున్నది. "ఏటమ్మా, హోంవర్క్ సేసినావా?" అనేవారు. మా నాయనమ్మకు ఒంట్లో బాగా లేనప్పుడు వచ్చి ఆమెతో గంటసేపు కూర్చుని, పలాస జీడితోటల గురించి అడిగి వెళ్ళారు. ఆయన వెళ్ళాక నాయనమ్మ, ఆ మాస్టారిది మన సైడు ఏ ఊరు అని అడిగింది. నలభై ఏళ్ళలో నేను ఆయన భాషలో నేర్చుకున్నవి రెండే మాటలు. ఒకటి జోహార్, అంటే నమస్కారం. అది అందరికీ తెలిసిందే. రెండోది హో. ఆ మాటకు మనిషి అని అర్థమని ఆయనే చెప్పారు. చదువు అయిపోయాక నేను అదే బడిలో టీచర్నై, స్టాఫ్ రూములో ఆయన పక్క కుర్చీలోనే చాలా ఏళ్ళు కూర్చున్నాను. అప్పటికైనా మూడో మాట అడగవలసింది.

బడి వార్షికోత్సవానికి ఆదివాసీ నృత్యం తప్పకుండా ఉండేది. పిల్లల ఒంటికి నల్లరంగు పూసి, నడుముకి ఆకులు కట్టి, తల మీద రంగు ఈకలు గుచ్చి గెంతించేవారు. ఆ వేషాలు తయారు చేయించే పని ప్రతి ఏడూ మాస్టారికే అప్పగించేవారు. ఒక ఏడాది రిహార్సల్స్ చూస్తూ, వీళ్ళెవరని ఆయన హెడ్మాస్టరుని అడిగారు. మీవాళ్ళే కదా అన్నాడు హెడ్మాస్టరు. మాస్టారు ఒక్కొక్క పిల్లవాడి మొహంలోకీ చూసి, "నాకు తెలిసినవాళ్ళు ఒక్కరూ లేరే" అన్నారు. ఆ ఏడు కూడా ఈకలు గుచ్చారు. ఆయన వెనక వరసలో కూర్చుని కార్యక్రమం అయ్యేదాకా చూసి, కుర్చీలు సర్దించి వెళ్ళారు. సంతాపసభ రోజున కూడా ఆయన ఫోటో ముందు ఆ ఈకల పిల్లలే పూలు చల్లారు. ఎవరి ఆలోచనో నేను అడగలేదు. ఆపనూ లేదు.

ఇప్పుడు మా ఇంటి సంగతి చెప్పాలి. అది చెప్పకుండా మాస్టారి గురించి ఎంత చెప్పినా అబద్ధమే అవుతుంది.

మా నాన్న ముప్పై ఏళ్ళు రేకుల ఫ్యాక్టరీలో కొలుమి వేడి దగ్గర పనిచేసి రిటైరయ్యాడు. క్వార్టరు ఖాళీ చేయాలి కాబట్టి ఆదిత్యపూర్‌లో కొత్తగా వేసిన ఒక కాలనీలో స్థలం కొని ఇల్లు కట్టాడు. ఆదివాసీల భూమి బయటివాళ్ళు కొనకూడదన్న చట్టం గురించి నాన్న కూడా విన్నాడు. కానీ కాగితాల్లో ఆ భూమి ఎన్నో చేతులు మారిపోయి ఉంది. అంతా సరిగ్గానే ఉందని వకీలు చెప్పాడు. గృహప్రవేశానికి మాస్టారిని పిలిచాం. ఆయన ముందుగా వచ్చి వీధి గుమ్మం దగ్గర చాలాసేపు నిలబడ్డారు. ఎండలో నిలబడ్డారేమని అమ్మ పెరటి వైపు తీసుకెళ్ళి, కుళాయి దగ్గర బట్టలు ఉతకడానికి వేయించిన పెద్ద బండ చూపించి, దాని మీద నిలబడి కాళ్ళు కడుక్కోండి మాస్టారూ అంది. ఆయన బండ ఎక్కలేదు. పక్కన బురదలో నిలబడి కడుక్కుని, అదే బురద కాళ్ళతో కొత్త ఇంట్లోకి వచ్చారు. అమ్మకు కష్టంగా తోచింది. ఎంత చదువుకున్నా అలవాట్లు పోవని, ఆయన వెళ్ళాక అంది కూడా.

భోజనం బాగా చేశారు. నాన్న చెయ్యి పట్టుకుని, చల్లగా ఉండండి అన్నారు.

పదకొండేళ్ళ తర్వాత, నాన్న పోయాక, ఒక ఆదివారం మాస్టారు మా ఇంటికి వచ్చారు. ఆదివాసీ తిరుగుబాట్ల పాఠం చెప్పాల్సి వచ్చి, నేనే పుస్తకంలో లేనివేవైనా చెప్పమని పిలిచాను. టీ తాగారు. పాఠం గురించి ఏమీ చెప్పకుండా నన్ను పెరట్లోకి తీసుకెళ్ళారు. బండ మధ్యగా తెల్లటి చార ఒకటి అడ్డంగా పోతుంది. దాన్ని చూపించి అన్నారు.

"ఇది మా అమ్మ బండమ్మా."

నాకు అర్థం కాలేదు. అప్పుడు చెప్పారు. హో పల్లెల్లో చనిపోయినవాళ్ళ ఎముకలు ఇంటి దగ్గరే పాతి, పైన పెద్ద బండ పరుస్తారు. తాత, తండ్రి, తల్లి, అందరూ ఒక్కచోటే ఉంటారు. పండుగనాడు పిల్లలు ఆ బండల మీదే కూర్చుని తింటారు. మా కాలనీ ఉన్నచోట వాళ్ళ పల్లె ఉండేది. ఎప్పుడో కొలతలకు వచ్చినవాళ్ళు కాగితాలు చూపించమంటే, ఆయన తాత ఈ బండలు చూపించాడట. బండల మీద సంతకాలు లేవన్నారట. ఆ తర్వాత ఆయన పెదనాన్న వేలిముద్ర ఏదో కాగితం మీద పడింది. పల్లె ముక్కలైంది. చదును చేసినప్పుడు పైకి వచ్చిన బండల్ని మేస్త్రీలు పునాదులకూ గడపలకూ వాడుకున్నారు. ఈ ఒక్కటీ బాగుందని మా నాన్నకు ఇచ్చారు.

పదకొండేళ్ళుగా మా లంగాలూ, దుప్పట్లూ, తమ్ముడి నూనె మరకల యూనిఫారాలూ దాని మీదే ఉతుకుతున్నాం. ఆ రోజే ఎందుకు చెప్పలేదని అడిగాను.

"మీ నాన్న ముప్పై ఏళ్ళు ఆ వేడిలో మాడి కట్టుకున్నాడు. ఆరోజు ఏటని సెప్తాను?"

"తీసుకెళ్ళండి మాస్టారూ. నేనే బండి మాట్లాడతాను" అన్నాను.

"ఎక్కడికి ఎట్టుకెళ్తానమ్మా?" అన్నారు.

ఆయన బండ అంచు మీద ఎండిన సబ్బు నురగను గోటితో గీకి తీసి, చెయ్యి కడుక్కుని వెళ్ళిపోయారు. మర్నాడే అమ్మ చేత వాషింగ్ మెషీన్ కొనిపించాను. అంతకు మించి నేను చేసిందేమీ లేదు.

కిందటి ఏడాది ఆయన ఊపిరితిత్తులు పాడయ్యాయి. అప్పటికి కూతురి ఫ్లాటులో, నాలుగో అంతస్తులో ఉంటున్నారు. చూడడానికి వెళ్ళినప్పుడు, అడగకుండానే నేను మాట ఇచ్చాను. ఆయన ఎముకల్ని మా పెరట్లో, వాళ్ళమ్మ బండ కిందే పెడతానన్నాను. ఆయన నా వైపు చాలాసేపు చూశారు. సంతోషించారనే అనుకున్నాను. మీవాళ్ళని అడిగావా అన్నారు. ఒప్పిస్తానన్నాను. "తొందరపడి మాటియ్యకమ్మా. మాకు మాటలిచ్చినోళ్ళు సాలామంది" అన్నారు. అందులో కోపం లేదు. పిల్లలకు తేదీ సరిదిద్దినట్టుగా అన్నారు.

పాతిపెట్టడానికి జాగా లేక ఆయన్ని దహనం చేశారు. ఘాట్‌లో గుమాస్తా వివరాలు రాసుకుంటూ మతం దగ్గర, ఎవరినీ అడగకుండానే, హిందూ అని రాశాడు. కూతురు, మాది ఆదివాసీల సర్నా మతం, అదే రాయమంది. ఆ గడి లేదన్నాడు. గుమాస్తా నన్ను చూసి, నా బొట్టూ చీరా చూసి, మీరు చెప్పండి మేడమ్ అన్నాడు. నా వెనక ఇంకో శవం వాళ్ళు నిలబడి ఉన్నారు. "వదిలేయండి దీదీ" అంది కూతురు. వదిలేశాను.

మట్టికుండలో ఎముకలు తీసుకుని ఆమె ఫ్లాటుకి వెళ్ళింది. నేను ఇంటికి వచ్చి తమ్ముడిని కూర్చోబెట్టుకున్నాను. ఇల్లు మా ఇద్దరి పేరునా ఉంది. వాడు కూడా మాస్టారి విద్యార్థే. ఘాట్‌లో నాకంటే వాడే ఎక్కువ ఏడ్చాడు. సంగతి చెప్పగానే లేచి నిలబడ్డాడు.

"ఏటక్కా నువ్వు మాట్లాడేది? పెరట్లో ఎముకలెట్టుకుంటామా? అమ్మ భయపడిపోద్ది."

అమ్మకు నేను చెప్తానన్నాను. వాడు వెళ్ళి వీధి తలుపు దగ్గరగా వేశాడు. తర్వాత గొంతు తగ్గించి, నా మొహం చూడకుండా అన్నాడు.

"అది కాదక్కా. రేపెవరైనా వచ్చి ఈ భూమి మాదంటే? బండ కింద ఎముకలుంటే అదే సాక్ష్యమైపోద్ది. మనం ఎక్కడికెళ్తాం?"

మాస్టారు ముప్పై ఏళ్ళు క్లాసులో చెప్పిన పాఠమంతా మా తమ్ముడికి అర్థమైందని అప్పుడు తెలిసింది. వాడితో మూడు రోజులు వాదించాను. గట్టిగా వాదించానని చెప్పుకోవాలని ఉంది. కానీ నిజం ఏమిటంటే, ఎక్కడికెళ్తాం అన్న ఆ మాట దగ్గర నేనూ ఆగిపోయాను. నా వయసు యాభై దాటింది. నాకూ వేరే ఊరు లేదు. శ్రీకాకుళంలో నన్ను గుర్తుపట్టేవాళ్ళు ఒక్కరూ లేరు. ఆ భయం నాది కూడా. కాకపోతే నా భయానికి పట్టా ఉంది.

నాలుగో రోజు మాస్టారి కూతురి దగ్గరికి వెళ్ళి, కుదరలేదని చెప్పాను. ఆమె నా చెయ్యి పట్టుకుంది. "బాబా ముందే చెప్పారు దీదీ. ఆమె వచ్చి కాదంటుంది, నువ్వు ఏమీ అనకు అన్నారు" అంది. అంతకంటే ఆమె నన్ను కొట్టినా బాగుండేది. మర్నాడు ఎముకల్ని ఖర్కయ్‌లో కలిపేశారు. ఫ్యాక్టరీల కాలువ కలిసేచోటికి కాస్త ఎగువన నీళ్ళు తేటగా కనబడితే, అక్కడ.

తొమ్మిదో రోజు సాయంత్రం, నీడను ఇంట్లోకి పిలుచుకునే తంతు ఉంది, రండి దీదీ అంది. పోయినవాళ్ళ నీడ మళ్ళీ ఇంటికి వచ్చి, వంటింటి వెనకుండే చీకటి గదిలో పూర్వీకులతో కలిసి ఉంటుందని హోల నమ్మకం. ఆ గదిలో నేల మీద బూడిద పరిచి తలుపు వేస్తారు. బయట ఇనుప ముక్కలు రెండు కొడుతూ పేరు పెట్టి పిలుస్తారు. నీడ వస్తే బూడిదలో గుర్తు పడుతుంది. చీమ నడిచినట్టో, పిట్ట కాలు పెట్టినట్టో ఏదో ఒకటి.

ఫ్లాటులో అలాంటి గది లేదు. ఫ్రిజ్ కొంచెం జరిపి, వంటింటి మూల టైల్స్ మీద కూతురు బూడిద పరిచి అరచేత్తో సమంగా చదును చేసింది. ఫ్యాన్లన్నీ ఆపేశారు. పల్లె నుంచి వెళ్ళిపోయి చైబాసా వైపు ఉంటున్న ఒక ముసలాయన పిలవడానికి వచ్చాడు. నది ఒడ్డు నుంచి నడుచుకుంటూ పిలవాలి. గేటు దగ్గర గార్డు ఆపి రిజిస్టరులో సంతకం పెట్టించుకున్నాడు. మెట్ల మీద ఇనుము మోగితే రెండో అంతస్తువాళ్ళు తలుపు తీసి చూశారు. ముసలాయన చప్పుడు తగ్గించాడు. గుమ్మం బయట ఆయన ఏదో అడిగితే లోపలి నుంచి మనవరాలు జవాబు చెప్పాలి. ఆ పిల్లకు హో రాదు. తల్లి చెప్పిన మాటల్ని హిందీ అక్షరాల్లో ఫోనులో రాసుకుని చదివింది. ముసలాయన పేరు పెట్టి పిలిచాడు. అది బడి రిజిస్టరులో ఉన్న పేరు కాదు, పుట్టినప్పుడు పెట్టిన పేరు. ఆ పేరు నేను వినడం అదే మొదటిసారి.

కూతురు ఫోను టార్చి వేసి బూడిద దగ్గర ఒంగి చూసింది. ఏమీ లేదు. ముసలాయన కిందికి దిగి, నది దాకా వెళ్ళి మళ్ళీ పిలుచుకుంటూ వచ్చాడు. మళ్ళీ చూశారు. ఆయన గోడ పట్టుకుని కాసేపు ఊపిరి తీసుకుని, ఇంకోసారి పిలుస్తానని మెట్లు దిగాడు. ఇనుము చప్పుడు గేటు దాటి, రోడ్డు మీద లారీల మోతలో కలిసి, ఆపైన వినబడలేదు. మేం ముగ్గురం బూడిద చెదరకుండా ఊపిరి బిగబట్టి కూర్చున్నాం. తెల్లటి టైల్స్ మీద బూడిద, అరచెయ్యి చదును చేసినప్పుడు ఎలా ఉందో అలాగే ఉంది.