నా మాట విననన్న పద్నాలుగు డబ్బాలు

గోదావరిఖనిలో ఒక మే నెల మధ్యాహ్నం, రెండు కాలనీల ఇంటర్నెట్టును ఒకే ఒక్క వేలితో పడుకోబెట్టిన ఘనుడు ఎవరని ఎవరైనా అడిగితే, చెయ్యెత్తాల్సింది నేనే. ఆ రోజు పిడుగు పడలేదు. కోతులు తీగలు తెంపలేదు. మోరీ కోసం ఎవరూ రోడ్డు తవ్వలేదు. బాగా చదువుకున్నవాడొకడు ఏసీ గదిలో కూర్చుని, టీ తాగుతూ చేసిన ఘోరం అది. ఇన్నేళ్ళు దాచాను. ఇప్పుడు చెబుతాను, నవ్వుకోండి. కాకపోతే నా ముందు కాస్త మెల్లగా నవ్వండి.

అప్పటికి నాకు ఇరవై నాలుగేళ్ళు. సొంతూరు మంథని. హైదరాబాదులో నెట్‌వర్కుల కోర్సు చేసి, సర్టిఫికెట్టును చంటిపిల్లలా ఎత్తుకుని వచ్చి, ఖనిలో రవన్న నడిపే ఇంటర్నెట్ కంపెనీలో చేరాను. కంపెనీ అనగానే పెద్దగా ఊహించుకోకండి. మందుల షాపు పైన రెండు గదులు, ఒక ఏసీ, ఓనరు రవన్న, నేను, మల్లయ్య కాక. అంతే.

మల్లయ్య కాక మా లైన్‌మన్. ముప్పై ఏళ్ళు బొగ్గుబాయిలో టెలిఫోన్ తీగలు చూసుకుని రిటైరైన మనిషి. ఇంట్లో కూర్చుంటే చేతులు తిమ్మిరెక్కుతున్నాయని మా దగ్గర చేరాడు. మంథని అంటే పంతుళ్ళ ఊరని పేరు కదా, నేను అక్కడివాణ్ణని నన్ను "పంతులూ" అని పిలిచేవాడు. ఇంజినీరు అని పిలిస్తే బాగుండునని లోపల ఉండేది కానీ, ఆయన పిలుపులో ఉన్న ఆప్యాయతకు నోరు పెగిలేది కాదు.

ఇంటింటికీ ఇంటర్నెట్ పంచే డబ్బాలు మాకు పద్నాలుగు ఉండేవి, స్తంభాల మీద, గోడల మీద. అంతకుముందు ఏ డబ్బాకు ఆ డబ్బాదే రాజ్యం. ఏ చిన్న మార్పు చేయాలన్నా కాక నిచ్చెన భుజానేసుకుని పోవాల్సిందే. నేను రవన్నను నెల రోజులు సతాయించి కొత్త పద్ధతి తెప్పించాను. ఇందులో పద్నాలుగు డబ్బాలకూ కలిపి మెదడు ఒక్కటే, అది మా ఆఫీసు కంప్యూటరులో ఉంటుంది. మనం ప్రోగ్రాం రాసి పంపితే డబ్బాలన్నీ తలూపుతాయి. సాయంత్రం ఒక గల్లీలో అందరూ క్రికెట్ పెట్టుకుని లైను కిక్కిరిసిందనుకోండి, అది తానే గమనించి, మనం చెప్పకుండానే సగం మందిని వేరే లైనుకు మళ్ళిస్తుంది.

"కాకా, ఇగ నిచ్చెన ఎక్కుడు బంద్. నేను గీడ కూసుండి ఒక్క బటన్ ఒత్తుత, అన్ని డబ్బాలు ఇంటయ్" అన్నాను.

"ఒక్క బటన్‌కే?"

"ఒక్క బటన్‌కే."

"మరి నువ్వు తప్పు ఒత్తితే?"

నేను నవ్వాను. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ చెవులు వేడెక్కుతాయి.

ఆ రోజు రవన్న బెల్లంపల్లిలో పెళ్ళికి వెళ్ళాడు. ఆఫీసుకు నేనే రాజును. ఎవరింట్లోనో వైరస్ పట్టిన కంప్యూటరు ఒకటి మా లైన్ల నిండా చెత్త పోస్తోంది. దాని పని పడదామని ఒక కొత్త నియమం రాశాను: "మన తీగలకు తగిలి ఉన్న యంత్రాల్లో, ఈ జాబితాలో ఉన్నవాటి మాటే వినండి. మిగతా ఏది మాట్లాడినా పట్టించుకోకండి." జాబితాలో కస్టమర్లందరినీ చేర్చాను. మూడుసార్లు సరిచూశాను. అక్షర దోషాలు కూడా దిద్దాను, అంత శ్రద్ధ. బటన్ నొక్కాను.

అద్భుతం! చెత్త ఆగిపోయింది. నెట్ పరుగులు తీస్తోంది. కాకను పిలిచి చూపించి, కింది నుంచి టీ తెప్పించి, కాలు మీద కాలేసుకున్నాను. సరిగ్గా పది నిమిషాలు నా అంత గొప్పవాడు ఈ బొగ్గు ప్రాంతంలో లేడు.

పదకొండో నిమిషంలో కాక ఫోను మోగింది. పెట్టేలోపే మళ్ళీ మోగింది.

"నెట్ పోయిందట పంతులూ. గా పిండిగిర్ని కాడ, రాజవ్వోళ్ళ ఇంటికాడ, అంతట పోయిందట."

తెర వైపు తిరిగాను. పద్నాలుగు డబ్బాలూ ఎర్రగా చూస్తున్నాయి. నియమం తీసేసి మళ్ళీ బటన్ నొక్కాను. ఉలుకూ లేదు, పలుకూ లేదు. ఇంకోసారి నొక్కాను. లేచి నిలబడి నొక్కాను. అప్పుడు తట్టింది. టీ గ్లాసు పక్కన పెట్టేశాను.

"ఏమైంది? మొఖం గట్ల పెట్టినవేంది?" అన్నాడు కాక.

"కాకా, పేరు లేనోని మాట ఇనొద్దని డబ్బాలకు చెప్పిన."

"మంచిదే గదా."

"మన ఆఫీసు కంప్యూటర్ పేరు రాసుడు మర్శిపోయిన."

కాక అందుకున్నాడు: "అంటే, ఇంటికి కావలోన్ని పెట్టి, వానికి నిన్ను జూపెట్టుడు మర్శినవన్నట్టు."

"గంతే కాకా. ఇంకోటి గూడ ఉన్నది. ఆఫీసు నుంచి పది నిమిషాలు మాట రాకపోతే పని ఆపుకొని సప్పుడు జెయ్యకుండ కూసోమని పోయినవారం నేనే చెప్పిన."

"ఎందుకు జెప్పినవయ్యా?"

"భద్రత కోసం."

కాక తల గోక్కున్నాడు. "మరిప్పుడు ఎట్లయితే ఇంటయ్?"

"ఒక్కో డబ్బా కాడికి పోయి, మూత తీసి, ల్యాప్‌టాప్ వైరు గుచ్చి, దాని చెవుల చెప్పాలె."

"పద్నాలుగింటికి?"

"పద్నాలుగింటికి."

ఆయన నవ్వి ఉంటే బాగుండేది. నవ్వలేదు. లేచి తువాల తలకు చుట్టుకుని, నిచ్చెన తీసి మోపెడ్ మీద కట్టడం మొదలుపెట్టాడు.

బయల్దేరాక నా ఘనత ఇంకొకటి బయటపడింది. నా లెక్కలో డబ్బాలకు నంబర్లే ఉన్నాయి. ఎక్కడుందో రాసే గడిని తీరిగ్గా నింపుదామని ఖాళీగా వదిలేశాను.

"కాకా, ఏడో నంబర్ ఏడున్నది?"

"నాకు నంబర్లు తెల్వయ్ పంతులూ. పిండిగిర్ని డబ్బా తెలుసు, రాజవ్వ జామచెట్టు డబ్బా తెలుసు. ఏది కావాలె?"

అంతలో మళ్ళీ ఫోను. ఈసారి రజిత. కాలనీ క్వార్టర్లలో ఉండే అమ్మాయి, డిగ్రీ అయ్యి రెండేళ్ళుగా ఉద్యోగం కోసం చూస్తోంది.

"కాకా, మూడు గంటలకు నాకు కంప్యూటర్ మీద ఇంటర్వ్యూ ఉన్నది. ఫోన్ సిగ్నల్ గీ గోడలల్ల నిలుస్తలేదు. రెండేండ్లకు పిలిచిన్రు కాకా."

కాక నా వైపు చూడకుండానే అన్నాడు: "ఫికర్ జెయ్యకు బిడ్డా. మా పంతులు అస్తుండు."

అప్పటికి టైము రెండుంబావు. రజిత ఇంటి డబ్బా పలకాలంటే, దారిలో ఉన్న నాలుగు డబ్బాలు ముందు పలకాలి. కాక మోకాళ్ళు నిచ్చెన ఎక్కుతాయి కానీ, ఆయనకు ల్యాప్‌టాప్ రాదు. నాకు ల్యాప్‌టాప్ వచ్చు, నిచ్చెన రాదు. జీవితంలో మొదటిసారి ఎక్కాను. ఆ ఎండలో ఇనుప డబ్బా మూత ముట్టుకుంటే వేలు అట్టులా కాలింది. రెండో డబ్బాలో చీమలు కాపురం పెట్టాయి. మూడో దాని దగ్గర వేడికి ల్యాప్‌టాప్ సొమ్మసిల్లితే, కాక తువాల తడిపి దాని కింద పరిచి, చంటిపిల్లకు విసిరినట్టు అట్టముక్కతో విసిరాడు.

అది జామచెట్టు డబ్బా. కింద రాజవ్వ నిలబడి అడిగింది: "ఏందిరా మల్లిగా, గా పిలగాడు గట్ల వణుకుతుండు? జరమొచ్చిందా?"

"జరం గాదవ్వా, ఇంజినీరు" అన్నాడు కాక. నన్ను ఆయన ఇంజినీరు అనడం అదే మొదలు.

రజిత ఇంటి డబ్బా మూత తీసేసరికి మూడుకు నాలుగు నిమిషాలు. వేళ్ళు చెమటకు జారుతున్నాయి. రెండుసార్లు తప్పు కొట్టాను. మూడోసారికి పచ్చదీపం వెలిగింది. నిచ్చెన పక్కనే ఉన్న కిటికీలోంచి వినిపించింది: "గుడ్ ఆఫ్టర్‌నూన్ సర్."

హమ్మయ్య అని దిగబోయాను. నిచ్చెన కిర్రుమంది.

కాక కింద నుంచి కళ్ళెర్రజేసి గుసగుసగా అన్నాడు: "కదలకు! పిల్ల మాట్లాడుతాంది."

కాక గల్లీ అంతటినీ చేతి సైగతో ఆపేశాడు. పక్కింటి మిక్సీ ఆగింది. కూరగాయల బండివాడు అరుపు సగంలో మింగాడు. నేను నిచ్చెన మీద, ల్యాప్‌టాపును గుండెకు హత్తుకుని, బొమ్మలా నలభై నిమిషాలు నిలబడ్డాను. వీపు మీద ఎండ, కాలు మీద చీమ. "మీ బలహీనత ఏమిటి?" అని అవతలివాళ్ళు ఆ అమ్మాయిని అడిగారు. నన్ను అడిగి ఉంటే సాయంత్రం దాకా చెప్పేవాణ్ణి.

మిగతా తొమ్మిదీ పూర్తయ్యేసరికి బొగ్గుబాయి సెకండ్ షిఫ్టు వాళ్ళు డ్యూటీకి వెళ్ళి చాలాసేపై, చీకటి కూడా పడింది. ఆఫీసుకు చేరి కుండలో నీళ్ళు తాగుతున్నామో లేదో, రవన్న ఫోను. వెనక బ్యాండు మేళం.

"శభాష్ తమ్మీ! పొద్దటిసంది ఫోన్ల జూస్తున్న, ఒక్క కంప్లైంట్ లేదు! సున్న! ఇసొంటి రోజు నా కంపెనీ పుట్టినంక రాలే."

సున్నా ఎలా వచ్చిందా అని లెక్క వేశాను. తర్వాత అర్థమైంది. కంప్లైంట్లు రవన్న ఫోనుకు చేరేది కూడా మా లైను మీదే; లైను పడుకుంటే అవీ పడుకుంటాయి. కాలనీవాళ్ళ దగ్గరేమో కాక నంబరు తప్ప ఇంకో నంబరే లేదు.

"గింత మంచిగ నడుస్తుంటే ఇగ మల్లయ్య కాక ఎందుకు మనకు? అచ్చే నెల నుంచి రావద్దని చెప్త" అన్నాడు రవన్న.

ఎదురుగా కాక గోడకు చేరగిలబడి, మోకాళ్ళు వత్తుకుంటున్నాడు. నోరు మూసుకుంటే నా పరువు దక్కుతుంది. ఒక్క క్షణం, అబద్ధమెందుకు, రెండు క్షణాలు ఆలోచించాను.

"అన్నా, కంప్లైంట్ ఎందుకు రాలేదంటే, అది వచ్చే తొవ్వ గూడ నేనే బంద్ జేసిన."

రవన్న మేళానికి దూరంగా జరిగినట్టున్నాడు, చప్పుడు తగ్గింది.

"ఎన్ని డబ్బాలు?"

"అన్నీ."

"ఇప్పుడు నడుస్తున్నయా?"

"నడుస్తున్నయ్ అన్నా. కాక నడిపించిండు."

"నువ్వేం జేసినవ్?"

"నిచ్చెన మీద నిలవడ్డ."

"కాకకు ఫోనియ్యి."

కాక విన్నాడు. "ఆఁ" అన్నాడు. "గట్లనే" అన్నాడు. ఫోను నా చేతికిచ్చి మళ్ళీ మోకాళ్ళు వత్తుకోసాగాడు.

"ఏమన్నడు కాకా?"

"నాకు అసిస్టెంటును ఇచ్చిండు."

"ఎవల్ని?"

కాక స్క్రూడ్రైవర్ల సంచి నా వైపు జరిపాడు.

అలా ఏడాది పాటు, హైదరాబాదు సర్టిఫికెట్టుతో సహా, మల్లయ్య కాకకు అసిస్టెంటుగా పనిచేశాను. ఆ ఏడాది నేర్చుకున్నంత నేను ఏ కోర్సులోనూ నేర్చుకోలేదు. రజితకు ఆ ఉద్యోగం వచ్చింది, ఇంటికి పిలిచి మా ఇద్దరికీ మిఠాయి పెట్టింది. కాక ఇప్పుడు ఖని దగ్గరి జైపూర్‌లో కొడుకు దగ్గర ఉంటున్నాడు. నేను ఇంతకంటే పెద్ద నెట్‌వర్కులే చూస్తున్నాను. ఎన్ని డబ్బాలు ఆకుపచ్చగా వెలిగినా, ఆ గల్లీ నిశ్శబ్దం లాంటిది మళ్ళీ వినలేదు.

కనుక సహృదయులైన పాఠకుల సమక్షంలో, కుడిచెయ్యి గుండె మీద పెట్టుకుని ప్రమాణం చేస్తున్నాను: పరాయివాళ్ళ మాట వినొద్దని ఏ యంత్రానికైనా చెప్పే ముందు, నేను పరాయివాణ్ణి కానని దానికి చెప్పుకుంటాను. అది ఒప్పుకున్నదాకా టీ ముట్టను. మా ఇంట్లో వాళ్ళకు కూడా ఈ నియమమే పెడదామనుకున్నాను కానీ, వాళ్ళ జాబితాలో నా పేరు ఉందో లేదో ఇంకా కనుక్కోవాలి.